మత్తచిత్తమా, ఉన్మత్తచిత్తమా?

గౌతమీగట్టు: మా అక్క కూతురికి పదేళ్లు. ‘అ’ ఎర్రగా, ‘క’ ఆకుపచ్చగా కనిపిస్తాయంటుంది. డాక్టరు సినస్థీషియా (ఒక ఇంద్రియానికి తెలిసేదానితో పాటు మరో అనుభవం కూడా కలగడం) అన్నారు. పెద్దవాళ్లకు మాత్రం పిల్లకు భ్రాంతులు మొదలయ్యాయని టెన్షన్. దీన్ని తెలుగులో ఏమనాలా అని ఆలోచిస్తుంటే ‘మందార మకరంద మాధుర్యమున దేలు’ గుర్తొచ్చింది. నాలుకకు తెలిసే తీపిలో ఒళ్లంతా తేలడం ఇదే కదా! కానీ చివరి తేటగీతిలో ‘ఉన్మత్తచిత్తము’ అని నోట్లో ఆడుతోంది. నిజంగా అలాగే ఉందా? ఉంటే ఇంట్లో ఆ పద్యం ఎత్తలేను.

యతిమైత్రి: లేదమ్మా. ‘చింతనామృతపాన విశేషమత్త చిత్త మేరీతి నితరంబుఁ జేర నేర్చు’. గణాలు విడదీయండి: చింత, నామృత, పానవి, శేష, మత్త. ‘విశేషోన్మత్త’ అంటే ‘శేషో’ రెండు గురువులై సూర్యగణం పోతుంది.

పాతబీరువా: గణాలు సరే మాస్టారూ, ఆ ‘ఉన్’ ఆవిడకు ఊరికే రాలేదు. మొదటి పాదం చివర ‘మధుపంబు వోవునే మదనములకు’ ఉంది. మదనమంటే ఉమ్మెత్త. అమరకోశమనే సంస్కృత నిఘంటువులో అమరుడు ‘ఉన్మత్తః కితవో ధూర్తః’ అని మొదలుపెట్టి ‘మదనశ్చ’ దాకా చెప్పింది దాని పేర్లే. ఆ ఉన్మత్తమే మన నోట ఉమ్మెత్త అయింది. ఉన్మత్తాన్ని ముట్టనిది మత్తచిత్తం. పోతన ఒక్క ఉపసర్గ తేడాతో పద్యం రెండు కొసలూ ముడేశాడని నా నమ్మకం.

యతిమైత్రి: అదే అమరంలో ‘శల్యశ్చ మదనే’ అని మంగచెట్టుకూ ఆ పేరుంది. ఉమ్మెత్తేనని ఎలా తేల్చారు?

పాతబీరువా: మంగకాయ వాంతి మందు. మకరందం పక్కన అదెందుకండీ!

వార్డుడ్యూటీ: నేను సైకియాట్రీలో పనిచేస్తాను. ఉమ్మెత్త మాట వచ్చింది కాబట్టి చెప్తున్నా. ఆ గింజలు తిన్నవాళ్లను చూశాను. వాటిలోని అట్రోపిన్, స్కోపలమైన్ మెదడులో ఎసిటైల్‌కోలిన్ అనే రసాయనం పనిని అడ్డుకుంటాయి. నోరెండిపోతుంది, కంటిపాప పెద్దదవుతుంది, లేని మనిషితో మాట్లాడతారు, గాల్లోంచి ఏదో ఏరుతుంటారు. పాతవాళ్లు సన్నిపాతమనేది ఇలాంటి స్థితినే. విషం దిగితే తగ్గుతుంది. స్కిజోఫ్రీనియా వేరు. అందులో ఎక్కువగా గొంతులు వినిపిస్తాయి. ఎవరో నిజంగానే మాట్లాడుతున్నారని చాలామంది నమ్ముతారు. పాపది ఈ రెండూ కాదు. ఎదురుగా అక్షరం ఉంది, సిరా నల్లదని తనకు తెలుసు, రంగు రోజుకోలా మారదు. పదేళ్ల తర్వాత అడిగినా సాధారణంగా ‘అ’ ఎర్రగానే ఉంటుంది. సినస్థీషియా ఉన్న మనిషికి సైకోసిస్ (ఉన్నదేదో లేనిదేదో తెలియని స్థితి) రాకూడదనేమీ లేదు, కానీ ఇది దానికి తొలిమెట్టు కాదు. పెద్దవాళ్లకు ఇంకో సంగతి చెప్పండి: 1908లో స్కిజోఫ్రీనియా అనే పేరు పెట్టిన స్విస్ సైకియాట్రిస్టు బ్లాయ్‌లర్‌కే శబ్దాలు రంగులుగా తోచేవి. 1881లోనే లేమన్ అనే ఆయనతో కలిసి దాని మీద పుస్తకం రాశాడు.

గౌతమీగట్టు: చాలా థాంక్స్ డాక్టరుగారూ, ఇది అక్కకు చదివి వినిపిస్తాను. మరి మాట? ‘సహసంవేదన’ అంటే మా అమ్మకు అందులో వేదనే వినిపిస్తోంది.

కమ్మతెమ్మెర: ‘కమ్మని’ ఉంది కదా! అది మొదట తావికి చెప్పే మాట. ఇప్పుడు పప్పూ కమ్మనే, పాటా కమ్మనే. ముక్కు, నాలుక, చెవి మూడూ ఆ ఒక్క మాటలో కలిశాయి.

వార్డుడ్యూటీ: పాట కమ్మగా ఉందన్నంత మాత్రాన మీ ముక్కుకు వాసన రాదు కదా. పాపకు రంగు నిజంగా కనిపిస్తుంది. ఆ లెక్కన పోతన మాధుర్యం కూడా పాప అనుభవం కాదు, కవి మాట.

కమ్మతెమ్మెర: ఆయనకు అలా అనిపించకుండానే అంత మాట వచ్చిందంటే నేను ఒప్పుకోను.

యతిమైత్రి: మదనం సంగతి తేలలేదు. ఉమ్మెత్త సాయంత్రం విచ్చుకునే పువ్వు. పగలు తిరిగే తుమ్మెద దాని దగ్గరికి పోకపోవడంలో గొప్పేముంది? మంగపూలు తెల్లగా విచ్చి పసుపు తిరుగుతాయి, మంచి తావి. పోదగిన పువ్వుకు పోకపోతేనే ‘వోవునే’ అన్న ప్రశ్నకు బలం.

పాతబీరువా: పొద్దున ఉమ్మెత్త పువ్వులో తుమ్మెద దూరడం నేను చూశాను మాస్టారూ. రేపు ఫోటో పెడతాను.