పడిందా, పాడిందా?

నిన్న ఇక్కడ ఒకరు "తెలుగుని ఇంగ్లీషు అక్షరాల్లో కొడితే నష్టమేంటండీ, సందర్భాన్ని బట్టి అర్థమైపోతుంది కదా" అన్నారు. మా ఇంట్లో ఆ సందర్భమే మమ్మల్ని నిండా ముంచింది.

పోయిన నెల ఇంటి వాట్సాప్ గ్రూపులో అన్నయ్య మెసేజ్ పెట్టాడు, ఇంగ్లీషు అక్షరాల్లోనే. నేను చదువుకున్నది ఇది: "అమ్మ స్టేజి మీద పడింది. అందరూ లేచి నిలబడ్డారు. నాకు కన్నీళ్లు ఆగలేదు." నా గుండె ఆగినంత పనైంది. ఫోన్ చేస్తే ఎత్తడు. ఈలోగా పిన్ని "ఎముక ఏమన్నా విరిగిందా, ఎక్స్‌రే తీయించారా" అని అడిగేసింది. కాసేపటికి అన్నయ్య జవాబు: "ఇంకోసారి పడమంటున్నారు." పెద్దావిడని మళ్లీ పడమనడమేంట్రా, వాళ్లసలు మనుషులేనా అని పిన్ని తిట్లు లంకించుకుంది. అప్పుడు వెలిగింది నాకు. అమ్మ పడలేదు, పాడింది!

చూడండి, లేచి నిలబడటం, కన్నీళ్లు, ఇవన్నీ సందర్భమేగా? అన్నీ కలిసి తప్పు అర్థానికే సాక్ష్యం చెప్పాయి.

తెలుగులో దీర్ఘం అలంకారం కాదు, దాంట్లోనే అర్థం ఉంది. పద్యం రాసేవాళ్లకి ఇది ఇంకా బాగా తెలుస్తుంది: గణమంటే లఘువులు, గురువుల వరస కదా, పడింది జగణం, పాడింది తగణం, ఒకటి ఉండాల్సిన చోట రెండోది పెడితే ఆ గణాల లెక్కతో నడిచే వృత్తపద్యం చెడుతుంది. ఇంగ్లీషు అక్షరాల్లో దీర్ఘంతో పాటు ద, డ తేడా కూడా పోతుంది కాబట్టి ఎన్, ఏ, డీ, ఐ అని నాలుగు కొడితే అది నది కావచ్చు, నాది కావచ్చు, నాడి కూడా కావచ్చు.

1990ల్లో నెట్‌లో తెలుగు రాసినవాళ్లకి ఈ బాధ తెలుసు, అందుకే తెలుగుని ఇంగ్లీషు అక్షరాల్లో రాసే ఆర్.టి.ఎస్. అనే పద్ధతిలో దీర్ఘానికి అచ్చుని రెండుసార్లో, పెద్ద అక్షరంతోనో రాసేవాళ్లు. ఇప్పుడు దాదాపు ప్రతి ఫోన్లో తెలుగు కీబోర్డు పెట్టుకోవచ్చు, అది వాడితే నాకు మహా సంతోషం. కుదరకపోతే కనీసం దీర్ఘం వచ్చిన చోట ఆ అచ్చునే రెండుసార్లు కొట్టండి, దండం పెడతాను.

కళ్లు, కాళ్లు లాంటి నామవాచకాలు నా దగ్గర చాలానే ఉన్నాయి. పడు, పాడు లాగా దీర్ఘం ఒక్కటే తేడా ఉన్న క్రియలు మీకు ఇంకేమన్నా తెలిస్తే ఇక్కడ రాయండి.