జపాన్ డిస్ట్రాయర్లు మునిగింది ఓడ తయారీ లోపం వల్లా, వాడిన తీరు వల్లా?

లంగరు:
పసిఫిక్ యుద్ధంలో జపాన్ డిస్ట్రాయర్ల (వేగంగా పోయే చిన్న యుద్ధనౌకల) లెక్క ఒకసారి పక్కపక్కన పెట్టి చూడండి. కాగెరో తరగతిలో (అంటే ఒకే నమూనాలో) 19 కట్టారు, చివరికి మిగిలింది యుకికాజె ఒక్కటే. యుగుమో తరగతిలో 19, ఒక్కటీ మిగల్లేదు. అసాషియో తరగతి 10, షిరాత్సుయు తరగతి 10, హాత్సుహారు తరగతి 6, అన్నీ పోయాయి. అదే అమెరికా ఫ్లెచర్ తరగతిలో 175 కడితే మునిగినవి 19. ఇంత తేడాకి దురదృష్టం అనే మాట సరిపోదు.

నా వాదన: తప్పు ఓడలోనే ఉంది. కాగెరో తరగతికి ఆరు 127 మి.మీ. ఫిరంగులు, ఎనిమిది 610 మి.మీ. టార్పెడో గొట్టాలు, పైగా మరో ఎనిమిది టార్పెడోలు డెక్ మీదే నిల్వ. విమానాల మీదికి మొదట్లో ఉన్నవి రెండు జంట 25 మి.మీ. తుపాకులు, అంతే. ఆ 127 మి.మీ. ఫిరంగిని పైకెత్తి కాల్చాక గొట్టాన్ని మళ్లీ కిందికి దించితే గానీ గుండు ఎక్కదు. కాబట్టి విమానం మీదికి నిమిషానికి నాలుగైదు గుళ్లు పేలితే గొప్ప. అమెరికా 127 మి.మీ. ఫిరంగి ఏ కోణంలోనైనా గుండు ఎక్కించుకుంటుంది, నిమిషానికి 15 తక్కువ కాకుండా కాలుస్తుంది. 25 మి.మీ. తుపాకీ పెట్టెలో 15 తూటాలే. ఆపకుండా కాలిస్తే నాలుగు సెకన్లలో ఖాళీ, ఆ తర్వాత పెట్టె మార్చాలి. అమెరికా ఓడల మీది బోఫోర్స్ 40 మి.మీ. తుపాకీకి పైనుంచి నాలుగేసి గుళ్ల క్లిప్పులు అందిస్తూ పోవచ్చు, కాల్పులు ఆగవు.

రాత్రిదాడి:
లంగరు గారూ, మీరు చెప్పిన కొలతలన్నీ నిజమే. కానీ ఆ ఓడను ఏ పనికి కట్టారో చూడకుండా లోపం అంటే ఎలా? రాత్రిపూట శత్రు ప్రధాన నౌకాదళం మీదికి టార్పెడోలతో దూసుకెళ్లడానికి కట్టారు. ఆ పని చేయనిచ్చినప్పుడు ఏమైందో 1942 నవంబర్ 30న గ్వాడల్‌కెనాల్ దీవి దగ్గర జరిగిన తసాఫరోంగా యుద్ధం చూడండి. జపాన్ అడ్మిరల్ తనకా రైజో దగ్గర ఎనిమిది డిస్ట్రాయర్లు. ఎదురుగా ఐదు అమెరికా క్రూజర్లు (డిస్ట్రాయర్ల కంటే పెద్ద యుద్ధనౌకలు), వాటికి తోడు డిస్ట్రాయర్లు. నార్తాంప్టన్ మునిగింది. మినియాపొలిస్, న్యూ ఆర్లియన్స్ ముక్కులు పోగొట్టుకుని, పెన్సకోలా బాగా దెబ్బతిని నెలల తరబడి మరమ్మతుకు పోయాయి. జపాన్ వైపు పోయింది తకనామి ఒక్కటే.

ఇంకో సంగతి. ఆ ఎనిమిదింటిలో ఆరు గ్వాడల్‌కెనాల్‌లోని జపాన్ సైనికులకు సరుకు మోస్తున్నవి. ఒక్కోదాని డెక్ మీద 200కు పైగా డ్రమ్ములు. బరువు సర్దడానికి అదనపు టార్పెడోలను రేవులోనే దించేశారు. అంటే సగం ఆయుధాలతో వచ్చి ఆ పని చేశాయి. ఓడ చెడ్డదైతే ఇది ఎలా సాధ్యం?

వాడకం తప్పు అని నేననేది ఈ డ్రమ్ముల గురించే. ఇనప డ్రమ్ములో తేలేంత ఖాళీ వదిలి బియ్యం, బార్లీ నింపి, వరసగా తాడు కట్టి, ఒడ్డుకు దగ్గరగా నీళ్లలోకి తోసేయాలి. ఒడ్డునున్నవాళ్లు తాడు పట్టుకుని లాక్కోవాలి. డిసెంబర్ 3 రాత్రి 1,500 డ్రమ్ములు దింపితే ఒడ్డుకు చేరినవి 310. తాళ్లు తెగాయి, లాగే సైనికులకు ఒంట్లో సత్తువ లేదు, తెల్లారాక తేలుతున్న డ్రమ్ములను అమెరికా విమానాలు కాల్చి ముంచాయి. వారం తర్వాత మరో 1,200 దింపితే చేరినవి 220. ఆ రాత్రే తెరుజుకి అనే కొత్త డిస్ట్రాయర్ టార్పెడో పడవల దెబ్బకు పోయింది. 220 డ్రమ్ముల ధాన్యానికి ఒక డిస్ట్రాయర్!

లంగరు:
తసాఫరోంగా ఒక్క రాత్రి. 1943 మొత్తం చెప్పండి.

రాడార్‌చూపు:
1943 సంగతి నేను చెబుతాను. అక్కడ మీ ఇద్దరి వాదనా సరిపోదు.

మార్చి 6 రాత్రి, బ్లాకెట్ జలసంధి. మురాసామె, మినెగుమో సోలమన్ దీవుల్లోని కొలొంబంగారాలో సరుకు దించి వెనక్కి వస్తున్నాయి. అమెరికా క్రూజర్లు మూడు రాడార్ చూసి గురిపెట్టి కాల్చాయి. జపాన్ ఓడలకు శత్రువు ఉన్నాడని తెలిసిందే గుళ్లు పడ్డాక. రెండూ పోయాయి.

ఆగస్టు 6 రాత్రి, వెల్లా అఖాతం. హగికాజె, అరషి, కవకాజె సైనికులను మోసుకొస్తున్నాయి, షిగురె వెనక వస్తోంది. అమెరికా కమాండర్ మూస్‌బ్రుగర్ ఆరు డిస్ట్రాయర్లను కొలొంబంగారా కొండల నీడలో ఉంచాడు. రాడార్‌తో లెక్క కట్టి, సుమారు 6 కి.మీ. దూరం నుంచి 24 టార్పెడోలు వదిలి, వెంటనే పక్కకు తిరిగిపోయాడు. టార్పెడోలు తగిలేదాకా ఒక్క ఫిరంగీ పేలలేదు. ముందున్న మూడూ మునిగాయి. షిగురెకు తగిలిన టార్పెడో పేలకుండా చుక్కానిలోంచి దూసుకుపోయింది కాబట్టి అది బతికింది. అమెరికా వైపు నష్టం లేదు.

నవంబర్ 25, సెయింట్ జార్జ్ అగ్రం. అమెరికా కెప్టెన్ ఆర్లీ బర్క్ చేతిలో ఒనామి, మకినామి, యుగిరి పోయాయి. మళ్లీ అమెరికా వైపు నష్టం లేదు. ఫిరంగి ఎంత పైకి లేస్తుందన్నది కానీ, డెక్ మీద డ్రమ్ములున్నాయా లేవా అన్నది కానీ ఈ మూడు రాత్రుల్లో ఫలితాన్ని మార్చేవి కావు. చీకట్లో ఎవరు ముందు చూశారన్నదే తేల్చింది.

రాత్రిదాడి:
రాడార్ ఉంటే చాలనుకుంటే జులైని ఏం చేస్తారు? జులై 6 కులా అఖాతంలో అమెరికా క్రూజర్ హెలెనా మునిగింది. వారం తిరక్కుండా కొలొంబంగారా దగ్గర అమెరికా డిస్ట్రాయర్ గ్విన్ పోయింది, హొనలూలు, సెయింట్ లూయిస్, న్యూజిలాండ్ వాళ్ల లియాండర్ దెబ్బతిన్నాయి. అప్పుడూ రాడార్ ఉంది. అయినా క్రూజర్లు దగ్గరికొచ్చి ఫిరంగులు మొదలుపెట్టేవి, ఆ మెరుపులే జపాన్ టార్పెడోలకు గురి. పైగా యుకికాజె మీద రాడార్ తరంగాలను పసిగట్టే పరికరం ఉంది, అవతలివాళ్లు వస్తున్నారని ముందే తెలిసింది. మూస్‌బ్రుగర్ గెలిచింది రాడార్ కొత్తగా వచ్చినందుకు కాదు. ముందు టార్పెడో, తర్వాతే ఫిరంగి అనే వరస పాటించినందుకు. చెప్పాలంటే అది జపాన్ పద్ధతే.

అక్టోబర్ 6న వెల్లా లవెల్లా దగ్గర కూడా యుగుమో పోయినా అమెరికా డిస్ట్రాయర్ షెవలియర్ మునిగింది, సెల్ఫ్రిడ్జ్, ఒబానన్ కుంటుకుంటూ వెళ్లాయి. ఏకపక్షం అనడానికి లేదు.

తూర్పుతీరం:
ఒక్క డివిజన్‌ను పట్టుకుని చూస్తే ఈ గొడవ తేలుతుందేమో. 20వ డిస్ట్రాయర్ డివిజన్: అమాగిరి, అసాగిరి, యుగిరి, షిరాకుమో. నాలుగూ ఫుబుకి తరగతివే. మనకూ వీటితో లంకె ఉంది. 1942 ఏప్రిల్‌లో అడ్మిరల్ ఒజావా దళంతో బంగాళాఖాతంలోకి వచ్చి వర్తక నౌకల మీద పడినవి ఇవే. ఆ దళంలోని విమానవాహక నౌక ర్యూజో విమానాలే ఏప్రిల్ 6న విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు వేశాయి. అప్పుడు ఎదురు లేదు. ఆ నాలుగూ తర్వాత ఎలా పోయాయో చూడండి.

అసాగిరి: 1942 ఆగస్టు 28. గ్వాడల్‌కెనాల్‌కు సైనికులను తీసుకెళ్తూ, పగటి వెలుగుండగానే అక్కడి అమెరికా విమానస్థావరం హెండర్సన్ ఫీల్డ్ విమానాల పరిధిలోకి వచ్చేసింది. డైవ్ బాంబర్ వేసిన బాంబు టార్పెడో గొట్టాల మీద పడి పేలిపోయింది. అదే దాడిలో షిరాకుమో, యుగిరి దెబ్బతిన్నాయి.
యుగిరి: పైన చెప్పిన సెయింట్ జార్జ్ అగ్రం యుద్ధం.
షిరాకుమో: 1944 మార్చి 16, హొక్కైడో దగ్గర టాటాగ్ అనే అమెరికా జలాంతర్గామి టార్పెడో.
అమాగిరి: 1944 ఏప్రిల్ 23, మకాసర్ జలసంధిలో మైన్. తర్వాత అమెరికా అధ్యక్షుడైన కెనడీ ఎక్కిన టార్పెడో పడవ పీటీ-109ని ఢీకొట్టింది ఈ అమాగిరే.

విమానం, ఓడ, జలాంతర్గామి, మైన్. నాలుగు ఓడలకు నాలుగు చావులు. వీటిలో ఏ ఒక్కదాన్ని తీసుకుని అసలు కారణం అంటారు?

లంగరు:
అసాగిరి నా వైపు సాక్ష్యమే కదా. డెక్ మీద, కవచం లేకుండా, ఆక్సిజన్ టార్పెడోలు. ఒక్క బాంబు చాలు. ఆ టార్పెడో, అంటే టైప్ 93, బరువు 2.7 టన్నులు, అందులో పేలుడు పదార్థమే 490 కిలోలు. అలాంటివి 16 పెట్టుకుని బాంబర్ల కిందికి వెళ్లడం రూపకల్పన లోపం కాక మరేమిటి?

బాయిలర్‌గది:
చిన్న సవరణ. ఫుబుకి తరగతిలో ఎక్కువ ఓడలు వాడింది ఆక్సిజన్ టార్పెడో కాదు, మామూలు గాలితో నడిచే టైప్ 90. అదనపు టార్పెడోలను మోటారుతో గొట్టంలోకి తోసే ఏర్పాటు కూడా హాత్సుహారు తరగతి నుంచే. కాబట్టి అసాగిరిని టైప్ 93 ఖాతాలో వేయకండి. డెక్ మీద టార్పెడో ఎవరిదైనా ప్రమాదమే, అమెరికా డిస్ట్రాయర్లకూ పది గొట్టాలుండేవి.

రూపకల్పనలో నేను తప్పుపట్టేది వేరేది: యంత్రాల అమరిక. కాగెరోలో మూడు బాయిలర్లూ వరసగా ముందు, టర్బైన్లన్నీ వాటి వెనక. వెనక భాగంలో ఒక్క టార్పెడో తగిలితే ఓడను నడిపే రెండు షాఫ్టులూ ఆగిపోవచ్చు. ముందు తగిలితే ఆవిరే ఉండదు. ఓడ తేలుతూనే ఉంటుంది, కదలదు. కదలని ఓడను తెల్లారాక విమానాలొచ్చి ముగిస్తాయి, లేదా సొంతవాళ్లే టార్పెడో వేసి ముంచాలి. ఫ్లెచర్‌లో బాయిలర్ గది, ఇంజన్ గది, మళ్లీ బాయిలర్, మళ్లీ ఇంజన్. ఒక సగం పోయినా రెండో సగంతో ఇల్లు చేరుతుంది.

ఇది జపాన్ ఇంజనీర్లకు తెలియక కాదు. 1944లో వచ్చిన మాత్సు తరగతిలో సరిగ్గా అదే అమరిక పెట్టారు. రెండు బాయిలర్లు, 19,000 హార్స్‌పవర్, 28 నాట్లకు కాస్త తక్కువ వేగం, నాలుగే టార్పెడో గొట్టాలు, పైకి లేచే 127 మి.మీ. ఫిరంగులు మూడు, డెప్త్ చార్జిలు (జలాంతర్గాముల మీదికి నీళ్లలో వదిలే బాంబులు) 36. కాగెరోకు 52,000 హార్స్‌పవర్, 35 నాట్లు. వేగం వదులుకుంటే బతికే ఓడ వస్తుందని చివర్లో ఒప్పుకున్నారన్నమాట. మాత్సు రకంలోని తకె 1944 డిసెంబర్ 3న ఫిలిప్పీన్స్‌లోని ఒర్మోక్ దగ్గర అమెరికా డిస్ట్రాయర్ కూపర్‌ను టార్పెడోతో ముంచింది, తాను దెబ్బతిని కూడా మనీలా చేరింది. అవతల, 40 నాట్లు దాటి పరుగెత్తే షిమకాజె, 15 గొట్టాలది, మూడు వారాల ముందు అదే ఒర్మోక్ దగ్గర విమానాల చేతిలో పోయింది. వేగం ఏం కాపాడింది?

రాత్రిదాడి:
1935లో నాలుగో దళం తుఫానులో చిక్కుకుని హాత్సుయుకి, యుగిరి ముక్కులు విరిగిపోయాక ఆ తరగతులన్నిటినీ మళ్లీ బిగించారు. కాబట్టి ఓడలు బలహీనం అనే పాత మాట మాత్రం 1941కి వర్తించదు. బాయిలర్‌గది గారి అమరిక పాయింటు ఒప్పుకుంటాను.

సోనార్:
ఎవరూ ఎత్తని సంగతి: 1944లో జపాన్ డిస్ట్రాయర్లను వేటాడింది అమెరికా జలాంతర్గాములు. డిస్ట్రాయర్ అంటేనే జలాంతర్గామికి యముడు కదా, ఇక్కడ తలకిందులైంది. ఆ ఏప్రిల్‌లో అమెరికా నౌకాదళాధిపతి అడ్మిరల్ కింగ్, వర్తక నౌకల కంటే ముందు డిస్ట్రాయర్లనే కొట్టమని ఆదేశించాడు. జూన్‌లో ఫిలిప్పీన్స్‌లోని తావి-తావి దగ్గర హార్డర్ అనే ఒక్క జలాంతర్గామి 6న మినజుకి, 7న హయనామి, 9న తనికాజె, నాలుగు రోజుల్లో మూడింటిని ముంచింది. ఎదురొస్తున్న డిస్ట్రాయర్ ముక్కు మీదికే టార్పెడో వదలడం దాని పద్ధతి.

ఎందుకు కుదిరింది? కాగెరో యుద్ధంలోకి దిగినప్పుడు డెప్త్ చార్జిలు 20 కూడా లేవు. టైప్ 95 చార్జిలో పేలుడు పదార్థం 100 కిలోలు, లోతు సెట్టింగులు మొదట్లో 30, 60 మీటర్లే. అమెరికా బలావో తరగతి జలాంతర్గామి 120 మీటర్ల దాకా దిగుతుంది. సెట్టింగు కింద ఉన్నవాడికి పైన చప్పుడే తప్ప దెబ్బ తగలదు. తర్వాత లోతు పెంచారు, చార్జిలు 36కు పెంచారు, కానీ అప్పటికే ఆ పని నేర్చిన సిబ్బంది సోలమన్స్‌లో పోయారు.

లంగరు:
అదీ ఓడ లోపమే. నా జాబితాలో కలుపుకుంటున్నాను.

సోనార్:
కలుపుకోండి, కానీ డెప్త్ చార్జి సెట్టింగు మార్చడానికి ఓడను మళ్లీ కట్టక్కర్లేదు. అది నౌకాదళం పట్టించుకోకపోవడం. ఓడ లోపం అంటే బాయిలర్ అమరిక లాంటిది, మార్చలేనిది. ఈ రెండూ కలిపేస్తే చర్చ ముందుకెళ్లదు.

తూర్పుతీరం:
లంగరు గారి విమానాల వాదనకు అసలు పరీక్ష అకిజుకి తరగతి. 90 డిగ్రీలు పైకి లేచే 100 మి.మీ. ఫిరంగులు ఎనిమిది, టార్పెడో గొట్టాలు నాలుగే. మీరు అడిగిన ఓడ ఇదే. 12 కట్టారు, 6 పోయాయి. తెరుజుకి టార్పెడో పడవలకు, నీజుకి కులా అఖాతంలో ఫిరంగులకు, హాత్సుజుకి ఎంగాన్యో అగ్రం దగ్గర క్రూజర్ల ఫిరంగులకు, షిమోత్సుకి కవల్లా అనే అమెరికా జలాంతర్గామికి. వకత్సుకి ఒక్కటే అనుమానం లేకుండా విమానాల ఖాతాలో పడుతుంది. అకిజుకి ఎలా పోయిందన్నది ఇప్పటికీ తగాదాయే.

లంగరు:
అంటే విమానాలకు పోలేదు కాబట్టి ఆ ఫిరంగులు పనిచేశాయనే కదా! సగం మిగిలాయి. కాగెరోలో 19కి ఒకటి.

రాడార్‌చూపు:
ఆ సగం లెక్క మోసం. మిగిలిన ఆరింటిలో నాలుగు 1944 డిసెంబర్ చివర్లోనో 1945లోనో పూర్తయి, చమురు లేక స్వదేశ జలాల్లోనే ఉండిపోయినవి. నిజంగా యుద్ధం చూసి మిగిలినవి సుజుత్సుకి, ఫుయుజుకి. సుజుత్సుకికి 1944 జనవరిలో జలాంతర్గామి టార్పెడోలతో ముక్కూ తోకా ఎగిరిపోయాయి, మళ్లీ కట్టారు. 1945 ఏప్రిల్ 7న మహా యుద్ధనౌక యమాతోతో వెళ్లి మళ్లీ ముందు భాగం దెబ్బతిని, సాసెబోకు వెనక్కి నడుచుకుంటూ వచ్చింది. ఆ రోజు వెళ్లిన ఎనిమిది డిస్ట్రాయర్లలో అసాషిమో, హమకాజె, ఇసొకాజె, కసుమి పోయాయి. నాలుగూ పాత రకాలే. రెండు అకిజుకిలూ తిరిగొచ్చాయి. మీ వాదనకు సాక్ష్యం కావాలంటే 12కి 6 వదిలేసి ఇది తీసుకోండి.

రాత్రిదాడి:
యుకికాజె, హాత్సుషిమో కూడా ఆ రోజు తిరిగొచ్చాయి. అవీ పాత రకాలే. ఆరు పాతవాటిలో రెండు, రెండు కొత్తవాటిలో రెండు. ఇంత చిన్న లెక్క మీద ఫిరంగి కోణాన్ని నిలబెట్టలేం. 1943 మార్చి బిస్మార్క్ సముద్ర యుద్ధం తీసుకుంటే, రవాణా ఓడలకు కాపలాగా వెళ్లిన ఎనిమిది డిస్ట్రాయర్లలో షిరాయుకి, అసాషియో, అరాషియో, తొకిత్సుకాజె పోయాయి. అక్కడ శత్రువుల బోఫైటర్ విమానాలు డెక్ ఎత్తున కాల్చుకుంటూ వస్తే టార్పెడో దాడి అనుకుని కెప్టెన్లు ఓడ ముక్కును వాటివైపు తిప్పారు. దాంతో ఈ చివర నుంచి ఆ చివర దాకా గుళ్లవాన. వెనకే బి-25 బాంబర్లు నీటి మీద ఎగిరెగిరి పడే బాంబులు వేశాయి. ఆ ఎత్తులో వచ్చేదానికి 90 డిగ్రీల ఫిరంగి ఎందుకు? ఉన్న తుపాకులనైనా పట్టుకోవడానికి డెక్ మీద మనుషులు మిగలాలి. ఆ రవాణా ఓడలకు పైన కాపలా విమానాలు ఎన్ని ఇచ్చారో, ఎంత ఎత్తులో తిప్పారో ఎవరైనా వివరంగా పెడితే అక్కడి నుంచి మాట్లాడదాం.