రేహానా, రయ్యానా? అర్థం చూసే ముందు అక్షరం చూడండి

కావలి నుంచి ప్రశ్న: అన్నా, మా చెల్లెలికి మగబిడ్డ పుట్టాడు. రేహాన్ అని పెడదామంటున్నారు. నెట్‌లో ఒకచోట ‘రాజు’ అనుంది, ఇంకోచోట ‘స్వర్గద్వారం’, మరోచోట ‘దేవుడి కానుక’. ఏది నమ్మాల?

జవాబు: మూడూ కాదమ్మా. రేహాన్ అంటే సువాసన గల మొక్క. ఖురాన్ 55వ సూరా (అధ్యాయం) 12వ ఆయత్‌లో (వాక్యంలో) ఆ మాట ఉంది. అరబ్బుల వాడుకలో మన తులసి జాతి మొక్కకి కూడా అదే పేరు. స్వర్గద్వారం రయ్యాన్. ఉపవాసాలు ఉన్నవాళ్లు ఆ ద్వారం గుండా పోతారని హదీసు, అంటే ప్రవక్త చెప్పిన మాట. దాహం తీరినవాడని ఆ మాటకి అర్థం. రేహాన్‌లో గొంతులోంచి పలికే ‘హా’ ఉంది, రయ్యాన్‌లో లేదు. ధాతువులే, అంటే మాట పుట్టే మూల అక్షరాలే వేరు. ఇంగ్లీషు స్పెల్లింగులు దగ్గరగా ఉండేసరికి జాబితాలు రాసేవాళ్లు రెండిటినీ కలిపేశారు. ఇక ‘దేవుడి కానుక’ అంటారా, అర్థం దొరకని ప్రతి పేరుకీ అదే అంటించేస్తారు. పక్కనే రాశి, అదృష్ట సంఖ్య కూడానూ!

తెలుగు రాతను బట్టి కూడా అసలు అరబ్బీ మాటకి వెనక్కి పోలేం. మన ‘ఖ’ రెండు అరబ్బీ అక్షరాలకి పనిచేస్తుంది. ఖాదర్, ఖాసిం, ఖమర్‌లలో ఉండేది ఖాఫ్. ఖలీల్, ఖాలిద్‌లలో ఉండేది ఖా. ఖాఫ్‌తో ఖమర్ అంటే చంద్రుడు. అదే ఖా పెట్టి ఖమ్ర్ అంటే సారాయి! ఖమరున్నీసా అని పెట్టుకున్న తల్లికి ఈ తేడా చెప్పకపోతే ఎట్లా? అందుకే అరబ్బీ లిపిలో పేరు చూపించని జాబితాని నేను అసలు పట్టించుకోను. లిపి దొరికితే ధాతువు తీసి హాన్స్ వేర్ అరబ్బీ నిఘంటువులో చూడొచ్చు. అందులో మాటలు ధాతువుల వరసలోనే ఉంటాయి.

ఒంగోలు నుంచి: మరి దస్తగిరి? మా వైపు ఇంటికొకరు ఉన్నారు. అరబ్బీయేగా?

జవాబు: పారశీకం అన్నా. దస్త్ అంటే చెయ్యి, గీర్ అంటే పట్టుకునేవాడు. చెయ్యి పట్టి ఆదుకునేవాడని సూఫీ గురువు అబ్దుల్ ఖాదిర్ జీలానీకి బిరుదు. ప్రామాణిక అరబ్బీలో ప, చ, గ లేవు. పర్వీన్, చాంద్, గుల్నాజ్ అరబ్బీ కావని అక్కడే తేలిపోతుంది. అయితే గౌస్, గఫార్‌లలో మనం గ రాసేది ఘైన్ అనే అరబ్బీ అక్షరానికి, అవి అరబ్బీయే. ఫాతిమాని ‘పాతిమా’ అని రాసిన రేషన్ కార్డుల్ని లెక్కలోకి తీసుకోమాకండి. ఈ అక్షరాలు లేనంత మాత్రాన అరబ్బీ అయిపోదు, షబ్నం పారశీకమే. మస్తాన్ కూడా అంతే: ‘మస్త్’ నుంచి వచ్చింది, దైవప్రేమలో మునిగినవాడని సూఫీల వాడుక. మస్తాన్ వలీ అన్నప్పుడు పక్కనున్న ‘వలీ’ మాత్రం అరబ్బీ. కసుమూరు దర్గాకి మొక్కుకుని పుట్టిన మస్తానయ్యలు, మస్తానమ్మలు నెల్లూరులో హిందువుల ఇళ్లలోనూ ఉన్నారు. వాళ్లెవరూ నిఘంటువు చూసి పెట్టుకోలేదు, పెట్టుకోనక్కర్లేదు కూడా.

కావలి నుంచి: ఆడపిల్లయితే జోయా అనుకున్నాం అన్నా.

జవాబు: దాన్ని అరబ్బీలో వెతకమాకమ్మా. గ్రీకు ‘జోయీ’ రష్యన్ మీదుగా వచ్చింది. అర్థం జీవితం. ఆ అర్థంతో అరబ్బీ పేరే కావాలంటే ఆయిషా ఉండనే ఉంది.