జీఎస్టీ అప్పీలు కదలడం లేదు, హైకోర్టుకు వెళ్లొచ్చా?

తెనాలి పెయింట్ షాపు:
నాది చిన్న హార్డ్‌వేర్, పెయింట్ షాపు. ఇన్‌పుట్ క్రెడిట్ (సరుకు కొన్నప్పుడు కట్టిన జీఎస్టీని నా పన్నులోంచి తగ్గించుకోవడం) కుదరదని రూ. 4,20,000 పన్ను వేశారు. పది శాతం, అంటే 42,000 కట్టి అప్పీలు వేశాను. పద్నాలుగు నెలలైంది. ఒక్కసారి వాయిదాకు పిలిచారు, కాగితాలన్నీ ఇచ్చాను. తర్వాత ఆ అధికారి బదిలీ అయ్యారు. ఆర్డర్ రాలేదు. ఆ డబ్బు నాకు ఒక లోడు సరుకు అండీ. కోర్టుకెళ్తే అధికారులకు కోపం వస్తుందా?

పన్నుల ప్రాక్టీషనర్:
పది శాతం కట్టారు కాబట్టి మిగతా వసూలు ఆగినట్టే, ఆ భయం వద్దు. జీఎస్టీ చట్టం సెక్షన్ 107(13) ప్రకారం వీలైనంతవరకు ఏడాదిలో తేల్చాలి. 'వీలైనంతవరకు' అన్న మాటే చిక్కు, గడువు దాటితే అప్పీలు దానంతటది గెలిచినట్టు కాదు. ముందు రాతపూర్వకంగా వినతిపత్రం ఇచ్చి, అందినట్టు ముద్ర వేయించుకోండి. కొత్త అధికారి వచ్చారుగా, మళ్లీ వాదన వినమని అందులోనే అడగండి.

మిల్లు యజమాని:
నేను వెళ్లాను. రాజ్యాంగం ఆర్టికల్ 226 కింద హైకోర్టులో రిట్ (అధికారులకు ఆదేశం ఇవ్వమని కోరే పిటిషన్) వేశాం. కోర్టు పన్ను సంగతి ముట్టుకోలేదు, ఎనిమిది వారాల్లో తేల్చమని మాత్రం చెప్పింది. ఏడో వారంలో ఆర్డర్ వచ్చింది. ఎవరూ నా మీద కక్ష కట్టలేదు. మా లాయరు మొదట అడిగింది ఆ ముద్ర ఉన్న కాగితమే.

తెనాలి పెయింట్ షాపు:
సోమవారమే ఇస్తాను. గెలిస్తే ఆ 42,000కు వడ్డీ వస్తుందా?

పన్నుల ప్రాక్టీషనర్:
వస్తుంది. సెక్షన్ 115, కట్టిన రోజు నుంచి లెక్క. చలానా భద్రంగా ఉంచండి.