పింగళి ఇంటిపేరు ప్రముఖులు: ఇంకెవరున్నారు?

పింగళివారి జాబితా ఒకటి తయారుచేస్తున్నాను, సాయం కావాలి. ఇప్పటికి చేరినవాళ్లు: 16వ శతాబ్దపు కవి సూరన, జాతీయ జెండా వెంకయ్య, కవి, ఆచార్యుడు లక్ష్మీకాంతం (1894–1972), ‘మాయాబజార్’కు మాటలూ పాటలూ రాసిన నాగేంద్రరావు (1901–1971), వ్యవసాయ ఆర్థికవేత్త ప్రభు, కంప్యూటర్ శాస్త్రవేత్త కేశవ్.

సాహిత్యం బరువెక్కిపోయింది. సంగీతం, వైద్యం, క్రీడలు ఖాళీ. ఒక్క స్త్రీ కూడా లేదు. పెళ్లితో ఇంటిపేరు మారడం అందుకు ఒక కారణం కాబట్టి, పుట్టింటివారు పింగళివారైనా చెప్పండి, ఏ ఇంటిపేరుతో పేరుపొందారో పక్కన రాస్తాను.

పేర్లు ఇచ్చేముందు రెండు చిక్కులు చూసుకోండి. శివాజీ పేష్వా మోరోపంత్ పింగళే మరాఠీ ఇంటిపేరువాడు, ఇక్కడ చేరడు. ఛందశ్శాస్త్రం రాసిన పింగళుడిది అసలు ఇంటిపేరే కాదు. పాత పుస్తకాల్లో ఉత్త ‘పి.’ అని ఉంటే అది పింగళే అనుకోవద్దు, లోపలి పేజీలో పూర్తిపేరు వెతకండి. వెంకయ్య పుట్టిన ఏడాదే 1876 అని ఒకచోట, 1878 అని ఇంకోచోట కనిపిస్తుంది. అందుకే తేదీతోపాటు అది ఎక్కడ చూశారో కూడా రాయండి. బంధుత్వాలు మాత్రం వద్దు. ఇంటిపేరు కలిసినంత మాత్రాన ఒకే కుటుంబం అనలేం.