పాత కీబోర్డుల శాంపిల్ బ్యాంకులు మిక్స్‌లో ఎందుకు తేలిపోతున్నాయి?

నాలుగోశ్రుతి:
ఎనభైల చివర, తొంభైల మొదట్లో వచ్చిన కీబోర్డుల శబ్దాలు ఎస్ఎఫ్2 బ్యాంకులుగా, అంటే శాంపిల్స్ (రికార్డు చేసిన శబ్దం ముక్కలు) మూటకట్టిన ఫైళ్లుగా కొన్ని దొరికాయి. కోర్గ్ ఎం1 పియానో, రోలాండ్ డీ-50 బెల్స్, పాత ఈమ్యూ స్ట్రింగ్స్ లాంటివి. విడిగా వాయిస్తే ముచ్చటగానే ఉన్నాయి గానీ, ఇప్పటి డ్రమ్స్, బేస్ పక్కన పెట్టేసరికి బొత్తిగా పలచబడిపోతున్నాయి. ఈక్యూలో (ఫ్రీక్వెన్సీలు పెంచి తగ్గించే టూల్) హై పెంచితే గరగర తప్ప మెరుపు రావట్లేదు. పైగా స్ట్రింగ్స్ నోట్ కాసేపు పట్టి ఉంచితే లూప్ (అదే ముక్క మళ్లీ మళ్లీ) తిరుగుతున్న సంగతి తెలిసిపోతోంది. పాత రికార్డుల్లో ఇవే శబ్దాలు అంత నిండుగా ఎలా వినిపించాయి? హార్డ్‌వేర్ కొనక తప్పదా?

లూప్‌పాయింట్:
కొనక్కర్లేదు. మీ దగ్గర ఉన్నది ముడి శాంపిల్, అప్పట్లో జనం విన్నది ప్యాచ్, అంటే శాంపిల్‌కి సెట్టింగులు, ఎఫెక్టులు అన్నీ కలిపి తయారైన శబ్దం. 1988లో వచ్చిన ఎం1లో శబ్దాలన్నిటికీ కలిపి ఉన్న రోమ్ (చెరిగిపోని మెమరీ) 4 మెగాబైట్లు, ఇప్పుడు ఒక పియానో నోట్‌కే అంతకన్నా ఎక్కువ వాడేస్తున్నాం. అంత ఇరుకులో సర్దాలంటే శాంపిల్స్‌ని పొట్టిగా కోసి లూప్ చేయడం తప్ప దారి లేదు, ఆ కొరతని కప్పడానికే ఎన్వలప్‌లు (నోట్ ఎలా మొదలై ఎలా తగ్గాలో చెప్పేవి), రెండేసి ఆసిలేటర్ల (శబ్దం పుట్టించే భాగాలు) లేయర్లు, లోపలే ఉన్న ఎఫెక్టులు. డీ-50 (1987) ఇంకో అడుగు ముందుకేసింది: నోట్ మొదట్లో వినిపించే దెబ్బ చాలావాటిలో పీసీఎం (డిజిటల్‌గా రికార్డు చేసిన) శాంపిల్, ఆ తర్వాత సాగేది సింథ్ పుట్టించిన వేవ్, వాటిపైన కోరస్ (శబ్దాన్ని రెట్టించి చిక్కబరిచేది), రివర్బ్ (గది ప్రతిధ్వని). ఈ పైపూతంతా తీసేసి శాంపిల్ ఒక్కటే లోడ్ చేస్తే పలచగా కాక ఎలా ఉంటుంది? ముందు కోరస్, పొట్టి రివర్బ్ వేసి చూడండి, ఈక్యూ జోలికి తర్వాత వెళ్లొచ్చు.

లూప్ సంగతికొస్తే, పాలిఫోన్ అని ఉచిత ఎడిటర్ ఉంది, ఎస్ఎఫ్2 తెరిచి లూప్ పాయింట్లు, రూట్ నోట్ (శాంపిల్ అసలు ఏ స్వరంలో ఉందో) అన్నీ చూసుకోవచ్చు. లూప్ మరీ పొట్టిదైతే మాత్రం దాన్ని సాఫీ చేయాలని గంటలు ధారపోయడం దండగ. అదే శాంపిల్‌ని రెండోసారి పెట్టి కొన్ని సెంట్లు (సెంటు అంటే అరస్వరంలో వందో వంతు) డీట్యూన్ చేస్తే, అంటే శ్రుతి కాస్త జరిపితే, రెండు లూప్‌లూ వేర్వేరు వేగాల్లో తిరుగుతాయి, చెవికి పట్టుబడదు.

బిట్‌క్రష్:
రివర్బ్‌తోనే అంతా అయిపోతుందంటే నేను ఒప్పుకోను. సగం రంగు ఆ యంత్రం శాంపిల్‌ని ప్లే చేసే పద్ధతిలో ఉంది. ఎస్పీ-1200 అనే పాత శాంప్లర్‌నే (శబ్దాలు రికార్డు చేసి వాయించే యంత్రం) తీసుకోండి: 12 బిట్లు, 26.04 కిలోహెర్ట్జ్ శాంపిల్ రేటు, మొత్తం పది సెకన్ల మెమరీ. రేటులో సగం దాకానే రికార్డవుతుంది, అంటే 13 కిలోహెర్ట్జ్ పైన ఉన్నదేదీ అసలు రికార్డే అవ్వదు. మరి దాని స్నేర్ డ్రమ్‌లో పైన ఏదో ఇసక రాలినట్టు వినిపించేదేంటి అంటే, పిచ్ తగ్గించినప్పుడు అది శాంపిళ్ల మధ్య ఖాళీల్ని నునుపు చేయకుండా ఉన్న విలువనే మళ్లీ వాడేస్తుంది, అందులోంచి పుట్టుకొచ్చే కొత్త ఫ్రీక్వెన్సీలు అవి. మెమరీ మిగల్చడానికి 33 వేగం రికార్డుని 45లో తిప్పి శాంపిల్ చేసి, లోపల పిచ్ దించేవాళ్లు, ఆ గరుకుదనం అప్పుడింకా పెరిగేది.

ఇప్పటి శాంప్లర్లు అదే పనిని మహా నీట్‌గా చేస్తాయి, చిక్కల్లా అక్కడే. మీ శాంప్లర్‌లో ఇంటర్‌పొలేషన్ (శాంపిళ్ల మధ్య ఖాళీల్ని నునుపు చేసే లెక్క) క్వాలిటీ తగ్గించే వీలుంటే తగ్గించండి. కాంటాక్ట్ అనే శాంప్లర్ ప్లగిన్‌లో పాత యంత్రాల పేర్లతో ఎస్1200 మెషీన్, ఎంపీసీ60 మెషీన్ అని మోడ్‌లే ఉన్నాయి, టీఏఎల్-శాంప్లర్‌లో పాత డాక్‌ల (డిజిటల్‌ని శబ్దంగా మార్చే చిప్‌లు) ఎమ్యులేషన్ ఉంది. మామూలు బిట్‌క్రషర్ (బిట్లు తగ్గించి గరుకు చేసే) ప్లగిన్‌ని ట్రాక్ చివర తగిలించడం మాత్రం వేరే సంగతి, అక్కడ కార్డ్ (కలిపి వాయించిన స్వరాలు) మొత్తం ఒకేసారి నలుగుతుంది. పాత యంత్రంలో ప్రతి నోట్ దాని పిచ్‌ని బట్టి విడిగా నలిగేది.

నాలుగోశ్రుతి:
కోరస్ పెట్టగానే బెల్స్‌కి ప్రాణం వచ్చింది, థాంక్స్. పియానో మాత్రం వోకల్ రాగానే మాయమైపోతోంది.

కీస్‌మాస్టర్:
వోకల్ ఉండే మిడ్‌లోనే పియానో కూడా ఉంటే మాయం కాక ఏమవుతుంది గురూ. దాన్ని ఒక ఆక్టేవ్ పైకి జరపండి, ఎడమ చేతి నోట్లు తీసేసి ఆ పని బేస్‌కి అప్పజెప్పండి. ఎం1 ఫిల్టర్‌లో రెజొనెన్సే (కటాఫ్ దగ్గర శబ్దాన్ని ఉబ్బించేది) లేదు, అయినా ఆ పియానో హౌస్ (ఒక రకం డాన్స్ సంగీతం) ట్రాకుల్ని ఏలిందంటే కారణం పొట్టి పొట్టి కార్డ్ స్టాబ్స్ (టక్కున కొట్టి వదిలేసేవి), చుట్టూ బోలెడంత ఖాళీ. గ్రాండ్ పియానోలా పెడల్ తొక్కి వాయిస్తే ఏ ప్లగినూ కాపాడలేదు. ఇక వెలాసిటీ (కీని ఎంత గట్టిగా కొట్టారన్నది): ఈ బ్యాంకుల్లో చాలావాటికి ఒకటే లేయర్ ఉంటుంది, మెల్లగా కొట్టినా అదే శాంపిల్ చిన్న సౌండ్‌తో వస్తుంది. కాబట్టి వెలాసిటీని ఫిల్టర్ కటాఫ్‌కి (ఎక్కడి నుంచి హై కోయాలో చెప్పే గీత) కొంచెం కలపండి, మెత్తని నోట్ నిజంగానే మెత్తగా వినిపిస్తుంది.

ఇంకోటి, పాట రిలీజ్ చేసే ఉద్దేశం ఉంటే ఆ బ్యాంకు ఎక్కడిదో చూసుకోండి. ఎవరో రోమ్ నుంచి లాగి నెట్‌లో పెట్టిన ఫైల్‌కి ఉచితం అని రాసి ఉన్నంత మాత్రాన లైసెన్స్ ఉన్నట్టు కాదు. కోర్గ్, రోలాండ్ రెండూ ఆ పాత వాయిద్యాల్ని ప్లగిన్లుగా అమ్ముతున్నాయి, ట్రయల్ దొరికితే మీ బ్యాంకు పక్కన పెట్టి అదే మిడీ (నోట్ల డేటా) ప్లే చేయండి, ప్యాచ్‌లో ఏం తగ్గిందో వెంటనే దొరికిపోతుంది.