బాప్టిస్టు సంఘాలు స్వతంత్రమైనప్పుడు అసోసియేషన్ దేనికి?

ప్రశ్న (మర్రిపాలెం నుంచి):
అందరికీ వందనాలు. వచ్చే నెల మా సంఘ వార్షికోత్సవంలో అసోసియేషన్ (ఒక ప్రాంతపు బాప్టిస్టు సంఘాల కూటమి) చరిత్ర గురించి పది నిమిషాలు మాట్లాడే పనిని పాస్టరుగారు నాకు అప్పగించారు. బాప్టిస్టు సంఘం తన కాపరిని, అంటే పాస్టరును, తానే పిలుచుకుంటుందని, తన లెక్కలు తానే చూసుకుంటుందని చిన్నప్పటి నుంచి వింటున్నాను. అలాంటప్పుడు పైన అసోసియేషన్, దానిపైన కన్వెన్షన్ (ఇంకా పెద్ద కూటమి) ఎందుకు వచ్చాయి? వాటి మాట మేము ఎంతవరకు వినాలి? మా యౌవనస్థులు అడుగుతున్నదీ ఇదే.

జవాబు (విశ్రాంత ఉపాధ్యాయుడు, భీమిలి):
తమ్ముడూ, చిక్కంతా ఆ ‘పైన’ అన్న మాటలోనే ఉంది. అసోసియేషన్ సంఘాల పక్కన ఉండేదే కాని పైన ఉండేది కాదు. 1707లో అమెరికాలోని ఫిలడెల్ఫియాలో 5 సంఘాలు కలిసి అసోసియేషన్‌గా ఏర్పడ్డాయి. దాని అధికారం ఎంత అన్న ప్రశ్న అక్కడా వచ్చింది కాబట్టే 1749లో బెంజమిన్ గ్రిఫిత్ అనే అక్కడి పాస్టరు ఒక పత్రం రాశాడు. అసోసియేషన్ సంఘాల మీద తీర్పు చెప్పే పై న్యాయస్థానం కాదని, అయితే ఉపదేశంలోనో నడవడిలోనో దారి తప్పిన సంఘంతో సహవాసం మానుకునే హక్కు మిగతా సంఘాలకు ఉంటుందని అందులో స్పష్టంగా ఉంది. మీ యౌవనస్థులకు ఈ ఒక్క మాట చెప్పినా చాలు.

మన వైపు చరిత్ర మన ఊరి రేవు నుంచే మొదలుపెట్టండి. 1836లో అమెరికన్ బాప్టిస్టు మిషనరీ శామ్యూల్ డే మొదట విశాఖపట్నానికే వచ్చి, శ్రీకాకుళంలో కొంతకాలం ఉండి, మద్రాసు మీదుగా 1840లో నెల్లూరు చేరాడు. ఉత్తర సర్కారుల్లో (మన ఉత్తర కోస్తా జిల్లాల పాత పేరు) పని తరువాత కెనడా బాప్టిస్టుల చేతికి వచ్చింది. 1874లో వారి మిషనరీ జాన్ మెక్లారిన్ కాకినాడ వచ్చేసరికే థామస్ గాబ్రియేల్ అనే తెలుగు విశ్వాసి అక్కడ సువార్త పని చేస్తూ ఉన్నాడు. ఆయన పేరు దయచేసి విడిచిపెట్టకండి. 1882లో సామర్లకోటలో సెమినరీ పెట్టింది పల్లె సంఘాలకు బోధకులను సిద్ధం చేయడానికి. అలాంటి పని ఏ ఒక్క సంఘమూ తలకెత్తుకోలేనిది.

జవాబు (గాజువాక నుంచి ఒక సహోదరి):
మాస్టారు చెప్పినదానికి మా నాయనమ్మ చేతులతో చూసినది కలుపుతాను. పొయ్యి మీద ఎసరు పెట్టాక, కడగబోయే బియ్యంలోంచి ఒక పిడికెడు తీసి గూట్లోని చిన్న కుండలో వేసేది. ఇంట్లో బియ్యం తక్కువైన రోజున పిడికిలి చిన్నదయ్యేది గాని, వేయడం మాత్రం మానలేదు. ఆదివారం ఆ బియ్యం గుడికి చేరేది, ఆరాధన అయ్యాక కుంచంతో కొలిచి వేలం వేసేవారు. వచ్చిన డబ్బులో ఒక వంతు అసోసియేషన్‌కు, అక్కడి నుంచి కాపరి జీతం ఇచ్చుకోలేని సంఘాలకు వెళ్లేదని మా నాయనమ్మ చెప్పేది. తాను చూడని ఊళ్ల సంఘాల పేర్లు ఆమెకు ప్రార్థనలో కంఠస్థంగా వచ్చేవి.

ప్రశ్న అడిగిన వ్యక్తి:
మాస్టారుగారికి, అక్కయ్యగారికి కృతజ్ఞతలు. మా సంఘంలో పిడికెడు బియ్యం తీసిన పెద్దమ్మలు ఇద్దరు ఇంకా ఉన్నారు. ఈ ఆదివారం వారి దగ్గర కూర్చుని, వారు చెప్పినది రాసుకున్నాకే నా ప్రసంగం మొదలుపెడతాను.